మహారాజశ్రీ మాటల బుడగ గారికి

మూకీ కార్టూన్లలో బొమ్మల నెత్తిన వాళ్ల మాటలు మోసే మాటల బుడగ గారికి నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేమంతా క్షేమం. తమరి క్షేమం నిన్న ఆదివారం మధ్యాహ్నం కళ్లారా చూశాను. ఎంతసేపటికీ తెర దిగలేదు కదా!

జార్జ్ హెరిమన్ పేపర్లో గీసిన క్రేజీ క్యాట్ అంటే నాకు ప్రాణం. పిల్లికి ఎలుక మీద ప్రేమ, ఎలుకకు పిల్లి నెత్తిన ఇటుక విసరడమే పని. 1916లో అమెరికా పత్రికల యజమాని హెర్స్ట్ దొరవారి స్టూడియో దాన్ని సినిమాలుగా తీసింది. అవి దొరికిన సంబరంలో మా అక్క కొడుకుని కూడా లాక్కొచ్చి కూర్చోబెట్టాను. పిల్లి నోరు తెరిచింది. తమరు వేంచేశారు. అంతే, పిల్లి బిగుసుకుపోయింది, ఎలుకా బిగుసుకుపోయింది.

"మావయ్యా, నెట్ పోయిందా?"

పేపర్లో తమరితో నాకు పేచీ లేదు. అక్కడ కన్ను తీరిగ్గా మీ మీద వాలుతుంది, లేస్తుంది. ఎవరూ ఎవరి కోసం ఆగక్కర్లేదు. తెర మీద అలా కాదే! సెకనుకి సుమారు 16 ఫ్రేములు. తమరు నాలుగు సెకన్లు నిలబడితే 64 ఫ్రేములు గడిచిపోతాయి, గీసింది మాత్రం ఒకే బొమ్మ. కదిలే బొమ్మలని పిలిచి ఫోటో చూపిస్తారా? 1911లో లిటిల్ నీమో అనే కార్టూన్ సినిమా కోసం విన్సర్ మెకే 4,000 బొమ్మలు గీశాడు. అందులో ఫ్లిప్ అనే పాత్ర నెత్తి మీదా ఉన్నావు నువ్వు, 'నేను కదులుతా చూడండి' అంటూ. వాడు నిజంగా కదిలాడు! ఐదేళ్లు తిరిగేసరికి నీ పేరు చెప్పుకుని గీతగాళ్లు చెయ్యి దించేశారు. బొమ్మ గియ్యడానికి బద్ధకమైతే ఆ మాట చెప్పొచ్చుగా, పిల్లి నోట్లో వాక్యం కుక్కడం దేనికి?

(వెనకాల ఎవరో అతికించిన ఆ పియానో గురించి అసలు రాయను, బీపీ వస్తుంది.)

ఇంతలో ఎట్టకేలకు నువ్వు మాయమయ్యావు. పిల్లి కదిలింది. 'హమ్మయ్య' అనుకున్నాను.

"అయ్యో, నేనింకా చదువుతున్నా!" అన్నాడు వాడు. ఒక్కో అక్షరం మీద వేలు పెట్టి కూడబలుక్కుంటున్నాడట.

వెనక్కి తిప్పాను. మళ్లీ వచ్చావు. ఈసారి నేనే ఆపి ఉంచాను.