పేరంతా ప్రాసెసర్‌కేనా?

మైక్రోప్రాసెసర్ల చరిత్ర అనగానే అందరూ 1971 నాటి ఇంటెల్ 4004తో మొదలుపెట్టి 8080, 8085, 8086 అంటూ ఏకరువు పెడతారు. ట్రాన్సిస్టర్లు ఎన్ని, క్లాక్ వేగం ఎంత, అన్నీ ప్రాసెసర్ లెక్కలే. దాని చుట్టూ చేరి చాకిరీ చేసిన చిప్‌ల ఊసే ఎత్తరు. ఇది అన్యాయం.

8085నే తీసుకోండి. 40 పిన్నులు చాలక, అడ్రసులోని కింది 8 బిట్లకూ డేటాకూ అవే పిన్నులు వాడారు. ముందు అడ్రసు వస్తుంది. ఆ పిన్నుల మీద ఉన్నది అడ్రసేనని చెప్పే ఏఎల్ఈ సంకేతం దిగగానే బయటున్న 74ఎల్ఎస్373 లాచ్ దాన్ని పట్టి ఉంచుతుంది. ఆ తర్వాతే డేటా. ఆ లాచ్ లేకపోతే మామూలు మెమరీ చిప్‌కు ఏ బైటు ఇవ్వాలో తెలియదు.

ఇక 8259. ఒకేసారి నాలుగు పరికరాలు ఇంటరప్ట్ (చేస్తున్న పని ఆపి తమను చూడమనే పిలుపు) అడిగితే ముందు ఎవరి పని చూడాలో తేల్చేది ఇదే. అంతటితో ఆగదు. ఇంటరప్ట్ అందిందని చెప్పే మొదటి ఐఎన్‌టీఏ సంకేతం 8085 నుంచి రాగానే డేటా బస్ మీద CD అనే హెక్స్ (16 ఆధారంగా రాసే సంఖ్య) బైటు పెడుతుంది. అది కాల్, అంటే ఫలానా అడ్రసులోని ప్రోగ్రాముకు వెళ్లమనే ఆదేశం! తర్వాతి రెండు సంకేతాలకు అడ్రసు కింది బైటు, పై బైటు ఇస్తుంది. మెమరీ నుంచి రావలసిన ఆదేశాన్ని పక్కనున్న చిప్ ఇస్తోంది, ప్రాసెసర్ మారు మాట్లాడకుండా అక్కడికి వెళ్తోంది. దీన్ని ఉత్త సహాయక చిప్ అనడానికి నాకు నోరు రాదు.

ప్రాసెసర్‌ను బయటి పరికరాలతో మూడు పోర్టుల (తీగల గుంపుల) ద్వారా కలిపే 8255 సంగతి మరీ దారుణం. ఆ పోర్టులు ఎలా పనిచేయాలో చెప్పే కంట్రోల్ వర్డులు బట్టీ పట్టిస్తారు గానీ, రీసెట్ కాగానే మూడు పోర్టులూ ఇన్‌పుట్‌గా ఎందుకు మారతాయో చెప్పరు. అవతలి పరికరం కూడా అదే తీగను నడుపుతుంటే రెండు అవుట్‌పుట్లు ఢీకొని చిప్ పాడైపోవచ్చు. అందుకే ప్రోగ్రాము చెప్పేదాకా అది తీగల జోలికి పోదు. ఎంత ముందుచూపు!

1981లో వచ్చిన ఐబీఎం పీసీలో 8253 టైమర్‌కు మూడు చానెళ్లు. ఒకటి సెకనుకు సుమారు 18.2 సార్లు ఇంటరప్ట్ ఇచ్చి గడియారం నడిపింది, ఒకటి స్పీకరుకు శబ్దం ఇచ్చింది. మిగిలినది, ప్రాసెసర్ ప్రమేయం లేకుండా మెమరీని అందుకునే 8237 డీఎంఏ చిప్ చేత మెమరీని రిఫ్రెష్ చేయించింది, అంటే కరిగిపోతున్న బిట్లను మళ్లీ నింపించింది. అది ఆగితే మెమరీలో ఉన్నదంతా పోతుంది, ప్రాసెసర్ ఎంత వేగమైనదైనా సరే.

తర్వాత ఈ చిప్‌లన్నీ చిప్‌సెట్లలో కలిసిపోయాయి. ప్రాసెసర్లు ఎన్ని తరాలు మారినా పీసీల్లో 8259 ఆదేశాలు అదే 20 హెక్స్ పోర్టుకు (ప్రాసెసర్ ఆ చిప్‌ను పిలిచే నంబరుకు) వెళ్తూ వచ్చాయి. మైక్రోప్రాసెసర్ల గురించి రాసేవాళ్లు, పాఠాలు చెప్పేవాళ్లు ఆ కాల్ బైటు కథతో ఒక్కసారైనా మొదలుపెట్టాలి.