ఏసీ గదిని చల్లబరుస్తుంది, గదిలోని గాలిని మార్చదు

కొత్త ఫ్లాటులో చెక్కపని వాసన ఘాటుగా ఉందన్నప్పుడల్లా నాకు దొరికిన సలహా ఒక్కటే: "ఏసీ వేసుకోండి సార్, రెండు రోజుల్లో అదే పోతుంది." ఈ మాట వడ్రంగి చెప్పాడు, ఏసీ బిగించడానికి వచ్చిన కుర్రాడు చెప్పాడు, మా బంధువుల్లో బాగా చదువుకున్నవాళ్ళూ చెప్పారు. ఇది పూర్తిగా తప్పు. ఈ తప్పును నమ్మి మన పిల్లలనూ పెద్దవాళ్ళనూ తలుపులు మూసిన గదుల్లో పడుకోబెడుతున్నామన్న బాధతోనే ఇంత పొడుగ్గా రాస్తున్నాను.

హైదరాబాదులో మా ఇంటి గృహప్రవేశం శ్రావణంలో జరిగింది. ముహూర్తం దాటితే మళ్ళీ కుదరదని తొందరపెట్టడంతో వార్డ్‌రోబుల పని రెండు రోజుల ముందే ముగిసింది. పాలు పొంగించిన ఇంట్లో ఆ రాత్రి నిద్ర చేయాలి కనుక, రెండు గోడల నిండా కొత్త వార్డ్‌రోబులున్న పడకగదిలో అమ్మను పడుకోబెట్టి, కిటికీలు మూసి, ఏసీ 24 డిగ్రీలకు పెట్టాము. తెల్లవారేసరికి అమ్మ కళ్ళు ఎర్రబడి నీరు కారుతున్నాయి, గొంతు బొంగురుపోయింది. "పక్కనే కూర్చుని ఎవరో రాత్రంతా ఉల్లిపాయలు తరిగినట్టుందిరా" అన్నది. పట్టుచీర లోపల పెడదామని వార్డ్‌రోబు తలుపు తీసినప్పుడు, లోపలినుంచి వచ్చిన ఘాటుకు నేనే ఒక అడుగు వెనక్కి వేశాను.

ఆ ఘాటులో ముఖ్యమైన భాగం ఫార్మాల్డిహైడ్ అనే వాయువు. మామూలు ప్లైవుడ్, చెక్క నారతో చేసే ఎండీఎఫ్, చెక్కపొట్టుతో చేసే పార్టికల్ బోర్డులను అతికించే జిగురు ఎక్కువగా యూరియా, ఫార్మాల్డిహైడ్‌లతో తయారవుతుంది. వేడి, తేమ తగిలినప్పుడు ఆ జిగురు కొద్దికొద్దిగా విడిపోయి వాయువును వదులుతూనే ఉంటుంది. ఇది రెండు రోజుల్లో ముగిసే వ్యవహారం కాదు; నెలల తరబడి, ఒక్కోసారి సంవత్సరాల తరబడి సాగుతుంది. పెయింటు, థిన్నరు, పాలిష్‌లనుంచి వచ్చే ఆవిర్లు దీనికి అదనం. అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధన సంస్థ 2004లోనే ఫార్మాల్డిహైడ్‌ను మనుషుల్లో క్యాన్సర్ కలిగించే పదార్థాల జాబితాలో చేర్చింది. ఇళ్ళలోని గాలిలో ఘనపు మీటరుకు 0.1 మిల్లీగ్రాము మించరాదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2010లో సూచించింది. "మాకిప్పుడు వాసన రావడం లేదు" అని ధైర్యపడేవారు ఒక్క విషయం గుర్తుంచుకోవాలి: ముక్కు ఏ వాసనకైనా త్వరగా అలవాటు పడిపోతుంది.

ఇక స్ప్లిట్ ఏసీ సంగతి. లోపలి యూనిట్‌నూ బయటి యూనిట్‌నూ కలిపే రాగి గొట్టాల్లో తిరిగేది శీతలీకరణ వాయువే తప్ప మనం పీల్చే గాలి కాదు. గదిలోని గాలినే లోపలికి లాగి, చల్లబరిచి, తిరిగి గదిలోకే వదలడం దాని పని. పాత విండో ఏసీల్లో చాలావాటికి ముందువైపు ఒక చిన్న మీట ఉండేది. దాన్ని తెరిస్తే కొద్దిపాటి గాలి అయినా మారేది. మామూలు స్ప్లిట్ ఏసీకి ఆ సదుపాయం కూడా లేదు. అందులోని జాలీ ఫిల్టరు దుమ్మును పడుతుంది, వాయువును పట్టలేదు.

న్యాయంగా చెప్పాలంటే ఏసీ వల్ల ఒక మేలు ఉంది. గది చల్లగా, పొడిగా ఉంటే చెక్క వదిలే వాయువు తగ్గుతుంది. అయితే చల్లదనం పోకుండా కిటికీలు మూసేస్తాము కనుక వచ్చిన కాస్త వాయువూ లోపలే పోగవుతుంది. అన్నిటికన్నా చెడ్డ సమయం సాయంత్రం: పగలంతా తాళం వేసిన ఫ్లాటు ఎండకు కాగుతుంది, వార్డ్‌రోబులు ఆవిర్లు వదులుతూ ఉంటాయి, మనం ఆఫీసునుంచి వచ్చి తలుపు తీసి నేరుగా ఏసీ రిమోటు అందుకుంటాము. అప్పుడు ముందుగా ఎదురెదురు కిటికీలు తెరిచి, ఫ్యాన్లు వేసి, ఒక ఇరవై నిమిషాల తర్వాతే ఏసీ వేయాలి. ఈ ఒక్క అలవాటుకు పైసా ఖర్చు లేదు.

గాలి నిజంగా మారుతోందా లేదా అని చూడడానికి నేను కార్బన్ డయాక్సైడ్ మీటరు కొన్నాను. అది ఫార్మాల్డిహైడ్‌ను కొలవదు కానీ, గదిలోకి కొత్త గాలి ఏపాటి వస్తోందో చెబుతుంది. బయట 420 పీపీఎం (పది లక్షల భాగాల గాలిలో 420 భాగాలు) ఉండే సంఖ్య, మేమిద్దరం తలుపులు మూసుకుని పడుకున్న గదిలో ఉదయం ఐదింటికి 2,400 చూపించింది. అంటే మేము వదిలిన ఊపిరినే మళ్ళీ పీలుస్తున్నాము. చెక్క వదిలిన వాయువుకూ బయటికి దారి లేదు.

ఎయిర్ ప్యూరిఫైయర్ కొంటే సరిపోతుందా అని చాలామంది అడుగుతారు. హెపా ఫిల్టరు ధూళికణాలను అద్భుతంగా పడుతుంది, వాయువులను వదిలేస్తుంది. బొగ్గు ఫిల్టరు కొన్ని ఆవిర్లను పట్టినా, ప్రత్యేక రసాయనం పట్టించని మామూలు బొగ్గుకు ఫార్మాల్డిహైడ్ అంతగా చిక్కదు, చిక్కినా ఆ పొర త్వరగా నిండిపోతుంది. ఓజోన్ వదిలే యంత్రాలను మాత్రం ఇంట్లోకి రానీయకండి. ఓజోన్ ఊపిరితిత్తులకు చేటు, పైగా నిమ్మ వాసన ఫినాయిల్ వంటి వాటి ఆవిర్లతో కలిసి మళ్ళీ ఫార్మాల్డిహైడ్‌నే పుట్టిస్తుంది. కుండీల్లోని మొక్కలు కంటికి చల్లన, అంతవరకే.

మా ఇంట్లో ఫలితమిచ్చినవి రెండు పనులు. మొదటిది, బోర్డు అంచులను మూయించడం. వంటగది సింకు కింద చేయి పెట్టి తడిమితే గరుకుగా, పొట్టులాగా తగిలే అంచులున్నాయే, వాయువు ఎక్కువగా వచ్చేది అక్కడినుంచే. కనబడే వైపు అంతా మెరిసే లామినేట్ వేసి, వెనుకవైపూ గొట్టాల కోసం కోసిన చోటా అలాగే వదిలేశారు. రెండవది, బాల్కనీ వైపు గోడకు నాలుగంగుళాల రంధ్రం వేయించి, ఫిల్టరుతో కూడిన చిన్న ఫ్యాను పెట్టించడం. అది బయటి గాలిని నెమ్మదిగా లోపలికి తోస్తుంది. పాత గాలి తలుపు కింది సందులోంచి బాత్రూము ఎగ్జాస్టు దాకా వెళ్ళి బయటపడుతుంది. ఇప్పుడు తెల్లవారుజామున మీటరు వెయ్యికి అటూ ఇటూ ఉంటోంది. కరెంటు బిల్లు కొంచెం పెరిగింది, ఆ పెరుగుదలను నేను సంతోషంగా కడుతున్నాను.

ఇదంతా మన దేశపు బాధే అనుకోవద్దు. టెక్సాస్‌లో ఉన్న మా చెల్లెలి ఇంట్లో వేడికీ చలికీ ఒకే కేంద్రీయ వ్యవస్థ ఉంది. ఇల్లంతా గాలి తిరుగుతోంది కనుక మారుతోందనే ఆమె కూడా అనుకుంది. మెకానిక్‌ను అడిగితే బయటి గాలి తెచ్చే డక్టు అసలు లేదని తేలింది.

నా కోపమంతా దేనిమీదంటే, లక్షల రూపాయల ఇంటీరియర్ కొటేషనులో హ్యాండిళ్ళ రంగు దగ్గరనుంచి సాఫ్ట్ క్లోజ్ కీళ్ళ దాకా అన్నీ రాసి ఉంటాయి, బోర్డు ఏ ఉద్గార శ్రేణికి చెందిందో, అంటే ఎంత వాయువు వదిలే రకమో, ఒక్క ముక్క ఉండదు. ఏసీ పాయింట్లు గీసే బిల్డరు తాజా గాలికి ఒక రంధ్రం గీయడు. ఇల్లు పూర్తయ్యాక గోడకు రంధ్రం అంటే ఎలివేషన్ (భవనం బయటి రూపం) పాడవుతుందని అసోసియేషన్ అభ్యంతరం చెబుతుంది. మాకూ చెప్పింది, రెండు నెలలు తిరగాల్సివచ్చింది. అందుకే పోయిన ఆదివారం మా స్నేహితుడి ఫ్లాటులో ఫాల్స్ సీలింగ్ మూయకముందే వెళ్ళి, మూడు పడకగదుల గోడలమీదా ఎక్కడ కోర్ కటింగ్ (యంత్రంతో గుండ్రటి రంధ్రం తొలచడం) చేయాలో సుద్దముక్కతో గుండ్రాలు గీసి వచ్చాను.