శిక్షణ ఖర్చు గారికి ఓ ఐసీయూ సిస్టర్ దండాలు

శిక్షణ ఖర్చు గారికి,

నిన్న నైట్ డ్యూటీ దిగి ఇంటికి బయల్దేరుతుంటే నన్ను మీటింగు హాల్లో కూర్చోబెట్టి 2 గంటల సేపు మీ గురించే చెప్పారండీ. మీరు మోయలేనంతగా పెరిగిపోయారట. అందుకని కొత్త సిస్టర్లకు 12 వారాలనుకున్న శిక్షణను 4 వారాలకు దించారు. చివర్లో ఓ చెక్‌లిస్టు చేతికిచ్చి, "ఈ అమ్మాయికి అన్నీ వచ్చేశాయి, సంతకం పెట్టేయండి సిస్టర్" అన్నారు. ఆ అమ్మాయి చేరి 26 రోజులు. అందులో 3 రోజులు ఐడీ కార్డు కోసమే తిరిగింది.

మీరు అంతలా పెరిగిపోయారంటే ఆశ్చర్యంగా ఉంది. మా వార్డులో మిమ్మల్ని ఎవరూ చూడలేదు.

డ్యూటీ చార్టులో వెతికాను, అక్కడా లేరు. వెంటిలేటర్ పేషెంటుకు ఒక నర్సు, కాస్త తేరుకున్నవాళ్లయితే ఇద్దరికి ఒకరు అని లెక్క. నేర్చుకునే మనిషిని ఆ లెక్కలో కలపకూడదు. ఆమెకు జీతం ఇస్తూనే చార్టులో లేనట్టు చూడాలి. అసలు మీరంటే అదే కదా! ఇక్కడ మాత్రం చేరిన రోజు నుంచే ఆమె ఒకటి, నేను ఒకటి, ఇద్దరికీ కలిపి నలుగురు పేషెంట్లు. నా ఇద్దర్నీ చూసుకుంటూ, ఆమె ఇద్దరి మీదా ఓ కన్నేసి, మధ్యలో పాఠం చెప్పాలి. మీరు మిగిలారు. నా నడుమే మిగల్లేదు.

మొన్న రాత్రి 3 గంటలప్పుడు ఆమె పేషెంటుకి నార్‌అడ్రినలిన్ సిరంజి అయిపోవచ్చింది. బీపీని నిలబెట్టే ఆ మందు పని చేసేది నిమిషాల లెక్కే. పాతది తీసి కొత్తది పెట్టేలోపు బీపీ దబ్బున పడిపోతుంది. అందుకే కొత్తదాన్ని ఇంకో పంపులో ముందే నడిపించి, బీపీ కొంచెం లేచిందని చూశాక పాతది ఆపాలి. పుస్తకంలో ఇది నాలుగు లైన్లు. ఆమె వేళ్లు వణుకుతున్నాయి. మణికట్టు పట్టుకుని, "ఆగమ్మా, పాతది ఆపకు, మానిటర్ చూడు" అంటున్నాను. సరిగ్గా అప్పుడే నా బెడ్డు దగ్గర వెంటిలేటర్ అరిచింది. ఆ చెయ్యి వదలాలా, వద్దా? చెక్‌లిస్టులో దీనికి గడి లేదు.

మెషీన్ల కంపెనీవాళ్లు కూడా శిక్షణ ఇచ్చారు లెండి. గంటలో ముప్పావు వంతు కంపెనీ గొప్పలే. ఏసీఎల్‌ఎస్ కార్డు, అంటే గుండె ఆగినప్పుడు ప్రాణం నిలబెట్టే శిక్షణ కార్డు, 2 ఏళ్లకోసారి మళ్లీ తీసుకోవాలి, ఆ ఫీజు మా జేబులోంచే. ధమనిలో సన్న గొట్టం పెట్టి బీపీ కొలిచే ఆర్టీరియల్ లైన్ ట్రాన్స్‌డ్యూసర్ 10 సెంటీమీటర్లు కిందికి జారితే బీపీ 7, 8 పాయింట్లు ఎక్కువ చూపిస్తుంది. అంకె బాగుందని మురిసిపోకుండా స్టాండు వైపు చూసే అలవాటు ఏ స్లైడుతో వస్తుంది?

కొత్త వెంటిలేటర్ల ధరలు మాత్రం పెద్దసారు పెళ్లి నగల్లా చదివి వినిపించారు. 1952లో కోపెన్‌హాగన్‌లో పోలియో విరుచుకుపడినప్పుడు మెషీన్లు చాలక, దాదాపు 1500 మంది విద్యార్థులు వంతులేసుకుని చేత్తో బ్యాగు నొక్కుతూ ఊపిరి పోశారు. ఐసీయూ పుట్టిందే అలా. 2020లో మెషీన్లు అట్టపెట్టెల్లో దిగాయి, నడిపేవాళ్లు దొరకలేదు. అదీ మర్చిపోయారా?

ఖర్చు తగ్గిందట! ఎక్కడ తగ్గావు నువ్వు? లెడ్జర్లోంచి లేచొచ్చి నా నెత్తిన కూర్చున్నావు. కాస్త చేయి తిరిగేసరికి ఈ పిల్లా అలిసిపోయి రాజీనామా ఇస్తుంది. ఇంకో పిల్ల వస్తుంది, మళ్లీ "ఆగమ్మా, పాతది ఆపకు". అప్పుడు నిన్ను రెండుసార్లు కట్టినట్టు కాదూ? ఇంతకుముందు ఇద్దరు అలాగే వెళ్లారు. వాళ్ల లెక్క ఏ కాలమ్‌లో రాశావు?

సంతకం పెట్టలేదు. చెక్‌లిస్టు నా బ్యాగులో టిఫిన్ బాక్సు కింద ఉంది. ఈ రాత్రి మళ్లీ ఆ అమ్మాయి, నేను, నలుగురు పేషెంట్లు. వీలుంటే ఓసారి రండి. కుర్చీ ఖాళీగానే ఉంటుంది, మేమెలాగూ కూర్చోం.

ఇట్లు,
చార్టులో ఒక్కటిగా పడిన సిస్టర్