ఇంఫాల్ సమాధుల్లోని జవాన్లు ఢిల్లీకి పట్టరా?

1944 ఇంఫాల్ అనగానే మనకు గుర్తొచ్చేది నేతాజీ సైన్యం ఐఎన్ఏ, మొయిరాంగ్‌లో అది ఎగరేసిన జెండా. గుర్తుండాల్సిందే. కానీ మొయిరాంగ్‌కు 45 కిలోమీటర్ల దూరంలో, ఇంఫాల్‌లోనే, బ్రిటిష్ వాళ్ల కింద జపాన్‌తో పోరాడి పోయిన మన జవాన్ల ఇండియన్ ఆర్మీ వార్ సెమెటరీ ఉంది. 828 సమాధులు, వాటి మధ్యే దహన సంస్కారం జరిగిన 868 మంది హిందూ, సిక్కు సైనికుల పేర్లతో ఒక స్మారకం. దీని గురించి మనం మాట్లాడుకోవడం ఎప్పుడైనా విన్నారా?

అక్కడున్న సమాధుల్లో ఒకటి జెమదార్ అబ్దుల్ హఫీజ్‌ది. తొమ్మిదో జాట్ రెజిమెంట్, వయసు 18. ఏప్రిల్ 6న ఇంఫాల్‌కు ఉత్తరాన ఒక కొండను జపాన్ వాళ్ల నుంచి తిరిగి పట్టుకోమని పంపితే, చాటు లేని వాలు మీద మనుషుల్ని వెంటేసుకుని ఎక్కాడు. కాలికి తూటా తగిలినా ఆగలేదు, పేలుతున్న మెషిన్‌గన్ గొట్టాన్ని చేత్తో పట్టుకుని పైకెత్తేశాడు, ఈలోపు పక్కనున్న సైనికుడు ఆ గన్నర్‌ని చంపాడు. తర్వాత గాయపడిన ఇంకో జవాను దగ్గర బ్రెన్‌గన్ తీసుకుని కాలుస్తూ ముందుకెళ్లాడు. ఈసారి ఛాతీలో తగిలింది. పడిపోయి కూడా, నేను కాలుస్తుంటా, మీరు కుదురుకోండి అని తనవాళ్లకు అరిచి చెప్పాడట. బ్రిటిష్ వాళ్ల అత్యున్నత శౌర్య పతకం విక్టోరియా క్రాస్ వచ్చింది, చనిపోయాక.

వాళ్లు తెల్లోడి జీతగాళ్లు, నేతాజీ సైన్యం మీదే తుపాకీ ఎక్కుపెట్టారు కదా అంటారు. అటూ ఇటూ మనవాళ్లే ఉన్న మాట నిజం. మరి 1947లో ఆ సైన్యాన్ని రద్దు చేసి కొత్తది పెట్టుకున్నామా? అదే జాట్ రెజిమెంట్ 1999లో కార్గిల్ కొండలెక్కితే చప్పట్లు కొట్టాం. రెజిమెంట్ మనదైతే దాని పాత చావులు ఎవరివి?

అసలు సమస్య ఇంఫాల్‌లో లేదు, ఢిల్లీలో ఉంది. ఇండియా గేట్ మీద ఉన్నవి మొదటి ప్రపంచ యుద్ధం, 1919 అఫ్ఘాన్ యుద్ధం నాటి పేర్లు. పక్కనే 2019లో కట్టిన నేషనల్ వార్ మెమోరియల్‌లో స్వాతంత్ర్యం తర్వాతి అమరులు. మధ్యలో రెండో ప్రపంచ యుద్ధం, అందులో పోయిన సుమారు 87,000 మంది భారత సైనికులు, ఈ రెంటిలోనూ మాయం! ఆ రెంటికీ దగ్గర్లోనే 2022 నుంచి నేతాజీ విగ్రహం నిలబడి ఉంది, మంచిదే, నాకేం అభ్యంతరం లేదు. కానీ ఒక కథకు ఒక్క హీరోయే ఉండాలనే జబ్బు మనకు సినిమాల నుంచి చరిత్ర పుస్తకాల దాకా పాకింది. ఐఎన్ఏని గౌరవించాలంటే ఎదుటి కందకంలో ఉన్న మన కుర్రాణ్ని మర్చిపోవాలని ఎవరు చెప్పారు?

ఇక ఇంఫాల్ సమాధుల్ని చూసుకునేది కామన్వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్. దాని ఖర్చులో సింహభాగం బ్రిటన్‌ది, మన వాటా ఒక శాతం పైచిలుకు. మన పిల్లల సమాధుల మీద గడ్డి కత్తిరించే పనికి కూడా ఎక్కువ డబ్బు లండన్ నుంచే రావాలన్నమాట!

ఢిల్లీ మెమోరియల్‌లో ఒక్కో జవానుకు ఒక్కో గ్రానైట్ పలక ఉంటుంది. ఆ పక్కన ఇంకో గోడ కట్టడం మనకు పెద్ద లెక్కేం కాదు. ఇంఫాల్ నుంచే మొదలుపెట్టండి, మొదటి పలక మీద హఫీజ్ పేరు చెక్కండి.