రీఫండు పెంచని ఆవిడపై బహిరంగ ఫిర్యాదు

అమెరికాలో తెలుగువారి ప్రగతికి అడ్డుపడుతున్న శక్తుల గురించి మన సభల్లో చాలా ఉపన్యాసాలు విన్నాను. గ్రీన్‌కార్డు క్యూను తిట్టారు, వీసా లాటరీని తిట్టారు, 2025 సెప్టెంబరులో వచ్చిపడిన లక్ష డాలర్ల హెచ్‌-1బి రుసుమును తిట్టారు. న్యాయమే. కానీ న్యూజెర్సీ ఎడిసన్‌లో ఒక ఇంటి బేస్‌మెంటులో కూర్చుని పన్ను రిటర్నులు తయారుచేస్తూ, మన రీఫండ్లు (కట్టిన పన్నులో తిరిగి వచ్చే సొమ్ము) పెరగకుండా కాపలా కాస్తున్న ఆవిడ గురించి మాత్రం ఒక్కరూ నోరు విప్పలేదు. ఆ బాధ్యత నేను తీసుకుంటున్నాను. పేరు రాయడం లేదు. రిటర్నులకు గడువైన ఏప్రిల్ 15 లోపు నా కాగితాలు కూడా ఆవిడ బల్ల మీదుగానే వెళ్లాలి.

ముందుగా పూర్వాపరాలు. ఊరంతా ఎంసెట్‌కు కూర్చుంటే ఆవిడ విజయవాడలో బి.కాం.లో చేరారు, పతనం అక్కడే మొదలైంది. పెళ్లయి హెచ్‌-4 మీద, అంటే హెచ్‌-1బి ఉద్యోగ వీసాదారు భార్యకో భర్తకో ఇచ్చే వీసా మీద, ఇక్కడికి వచ్చారు. హెచ్‌-4 వారు ఉద్యోగం చేయడానికి 2015 మే వరకు దారి లేదు. ఆ తర్వాత కూడా, గ్రీన్‌కార్డు దారిలో భర్తో భార్యో కొంత ముందుకు వెళ్లి ఉంటేనే. ఖాళీగా ఉండమని చట్టమే చెప్పినప్పుడు చట్టాన్ని గౌరవించి ఖాళీగా ఉండాలి కదా. ఆవిడ ఉండలేదు. ఎన్‌రోల్డ్ ఏజెంటు (ఐఆర్‌ఎస్ అనే పన్నుల శాఖ ముందు మన తరఫున వాదించే అనుమతి ఉన్న పన్ను నిపుణులు) కావడానికి పౌరసత్వం అక్కర్లేదని, మూడు భాగాల పరీక్ష పాసై, సొంత పన్నుల లెక్క శుభ్రంగా ఉంటే చాలని ఎక్కడో చదివి, పిల్లవాడిని నిద్రపుచ్చి, ఆ మూడూ రాసేశారు. పని చేసే అనుమతి రాకముందే పనికి అర్హత వచ్చి కూర్చుంది. ఇంత తొందరపాటు మనిషి చేతిలో మన జీతాల వివరాలు పెట్టాం.

అసలు ఆ వృత్తి పుట్టుకే అనుమానం నుంచి. అమెరికా అంతర్యుద్ధంలో గుర్రాలు పోగొట్టుకున్నవారు పరిహారం అడుగుతూ ముసలి గుర్రానికి పంచకల్యాణి ధర కట్టేవారు. వారి తరఫున వాదించే ఏజెంట్లను అదుపులో పెట్టడానికి 1884లో చేసిన చట్టమే ఈ ఎన్‌రోల్డ్ ఏజెంట్లకు మూలం. పెంచి రాసిన లెక్కను చూస్తే ముఖం చిట్లించడం వీరికి వంశపారంపర్యం.

నేరాల్లోకి వస్తాను. ఒకప్పుడు మన కన్సల్టెంటు సోదరులు నలుగురు కలిసి గెస్ట్‌హౌస్‌లో పప్పన్నం తిని, క్లయింటు ఊళ్లో ఉన్నామంటూ పర్ డీమ్ (రోజుకింత అనే ప్రయాణ భత్యం) లెక్కన హోటల్ బస, హోటల్ భోజనం చూపించేవారు. అదొక కళ. 2018 నుంచి ఉద్యోగుల ఆ ఖర్చులకు ఫెడరల్ రిటర్నులో తావు లేకుండా చట్టం మారింది. ఆ వార్తను ఆవిడ దాచకుండా అందరికీ చెప్పేశారు. పక్క వీధిలో రిటర్నులు వేసే ఆయన ఇంకా ఆ రీఫండ్లు తెప్పిస్తున్నాడట కదా అంటే, “ఆయన మీ రిటర్ను మీద తన సంతకం పెడుతున్నాడేమో చూడండి” అన్నారు. చూశాం. పెట్టడం లేదు. అంత నిరాడంబరుడాయన.

ఊళ్లో రామాలయం గోపురానికి నేను పంపిన సొమ్మును దానాల్లో వేయమన్నాను. విదేశంలోని గుడికి నేరుగా ఇచ్చినదానికి ఇక్కడ మినహాయింపు లేదన్నారు. రాముణ్ని విదేశీయుణ్ని చేసిన తొలి తెలుగు మహిళ బహుశా ఆవిడే. గుంటూరులో ఉన్న అమ్మానాన్నలను డిపెండెంట్లుగా (నేను పోషించేవారిగా) చూపమంటే, కెనడాలోనో మెక్సికోలోనో ఉంటే ఆలోచించవచ్చన్నారు. అప్పటి నుంచి నాన్నకు టొరంటో చలి పడుతుందో లేదో విచారిస్తున్నాను.

అన్నింటినీ మించినది విదేశీ ఖాతాల నివేదిక, ఎఫ్‌బార్. దేశం బయట ఉన్న ఖాతాలన్నీ కలిపి ఏడాదిలో ఏ ఒక్క రోజైనా 10,000 డాలర్లు దాటితే ఖజానా శాఖకు నివేదించాలి. నాన్న తన ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో ఎందుకైనా మంచిదని నా పేరు కలిపారు, అదీ లెక్కేనట. తెలియదంటే సరిపోదా అని అడిగాను. రుమేనియాలో పుట్టి అమెరికా పౌరుడైన బిట్నర్ కథ చెప్పారు. ఆయనా తెలియదనే అన్నాడు. ఐదేళ్లలో అన్నీ కలిపి 272 ఖాతాల లెక్కలని, ఒక్కోదానికి 10,000 చొప్పున 27.2 లక్షల డాలర్ల జరిమానా వేశారు. ఖాతాకొకటి కాదు, ఏడాది నివేదికకొకటే వేయాలని 2023లో సుప్రీంకోర్టు అంటేగాని అది 50,000కు దిగలేదు. అదీ 5-4 తేడాతో. ఇంత భయపెట్టి నాతో వేయించిన ఆ నివేదికకు తీరా పన్ను ఒక్క సెంటు కూడా లేదు!

ఇంతటితో ఆగితే క్షమించేవాళ్లం. ఆవిడకు సమాజసేవ అనే వ్యసనం కూడా ఉంది, అదీ ఫోటోగ్రాఫరు లేకుండా చేసే రకం. 2020 మార్చిలో కరోనా సాయంగా పెద్దలకు తలా 1,200 డాలర్లు ప్రకటించారు. భార్యకు సోషల్ సెక్యూరిటీ నంబరు లేక, పన్నుల కోసమే ఇచ్చే నంబరైన ఐటిన్‌తో ఉమ్మడి రిటర్ను వేసిన ఇళ్లకు మాత్రం, భర్త ఎంత పన్ను కట్టినా, ఏమీ ఇవ్వలేదు. మన హెచ్‌-4 ఇళ్లు చాలా ఈ గోతిలో పడ్డాయి. మన తెలుగు సంఘం వెంటనే స్పందించి జూమ్‌లో సంగీత విభావరి ఏర్పాటు చేసింది. ఆవిడేమో ఉత్తరం నమూనా తయారుచేసి, కాంగ్రెస్ సభ్యులకు పంపమని అందరి వెంటా పడ్డారు. ఆ డిసెంబరులో చట్టం సవరించి, నంబరు ఉన్నవారి వాటా వారికి ఇచ్చారు. ఆవిడ ఉత్తరాల వల్లే అనను. దేశమంతటా ఎందరో అడిగారు. విభావరి వల్ల అని కూడా చెప్పలేకపోతున్నాను.

2025లో ఇంటికి పంపే డబ్బుపై పన్ను అనగానే మన గ్రూపుల్లో శోకాలు మొదలయ్యాయి. 5 శాతం అన్నారు, 3.5 అన్నారు. చివరికి మిగిలింది 1 శాతమేనని, అదీ నగదు, మనీ ఆర్డరు, క్యాషియర్ చెక్కు ఇచ్చి పంపేవారికేనని, బ్యాంకు ఖాతా నుంచి పంపేవారికి వర్తించదని ఆవిడ బిల్లు చదివి చెప్పేశారు. అప్పటికే అచ్చయిన బ్యానర్లు ఏం కావాలి?

ఇప్పుడు సోషల్ సెక్యూరిటీని, అంటే అమెరికా పింఛను పథకాన్ని, పట్టుకున్నారు. జీతంలో 6.2 శాతం మనం కడతాం, మరో 6.2 యజమాని కడతాడు. పింఛను రావాలంటే 40 క్వార్టర్లు, అంటే పదేళ్ల పని ఉండాలి. హెచ్‌-1బి మామూలు గడువు ఆరేళ్లు. ఆరేళ్లు కట్టి తిరిగి వెళ్లినవాడి పింఛను సున్నా. రెండు చోట్ల చేసిన పనిని కలిపి లెక్కించే ఒప్పందాలు అమెరికాకు చాలా దేశాలతో ఉన్నాయి, భారత్‌తో లేదు. దీనిపై సంతకాలు సేకరిద్దామని ఆవిడ మహాసభల్లో అరగంట అడిగారు. కార్యవర్గం సానుకూలంగా పరిశీలించి, ఆదివారం ఉదయం ఏడున్నరకు, పార్కింగు పక్క గదిలో సమయమిచ్చింది. ముందు రాత్రి సినీతారతో ముఖాముఖి ఒంటిగంట దాటింది. అయినా ఆవిడను మరచిపోలేదు. సాయంత్రం వేదిక మీద శాలువా కప్పాం. కప్పుతూనే అధ్యక్షులవారు చెవి దగ్గరికి వంగి, “హైదరాబాదు ఫ్లాటు అమ్మానండీ, ఒక చిన్న సందేహం” అన్నారు.

ఇక సహించలేక అధికారికంగా ఫిర్యాదు చేయాలని నిశ్చయించాను. రిటర్నులు తయారుచేసేవారిపై ఫిర్యాదుకు ఐఆర్‌ఎస్ వద్ద 14157 నంబరు ఫారం ఉంది. రీఫండు కాజేసినవారి మీద, లేని ఖర్చులు రాసినవారి మీద టిక్కు పెట్టవచ్చు. లేని ఖర్చులు రాయనన్నవారికి గడి లేదు. ఏం చేయాలో తోచక ఆవిడకే ఫోను చేశాను. ‘ఇతరములు’ అన్న చోట టిక్కు పెట్టి, వివరాలు విడిగా జతచేయమన్నారు. ఇంత పని పెట్టుకున్నారు కదా, మీ రిటర్నుకు గడువు పొడిగింపు అడగమంటారా అన్నారు. అక్టోబరు 15 దాకా పొడిగించేది కాగితాలకేనని, కట్టవలసిన డబ్బుకు కాదని కూడా, అడగకుండానే, చెప్పారు.