సవరణ: మోగా మొదట ఆడింది సూడాన్‌కే

పుణె ఎఫ్‌సీ, ఈస్ట్ బెంగాల్ ఫుట్‌బాల్ క్లబ్‌ల తరఫున మన దేశంలోనూ గోల్స్ కొట్టిన స్ట్రైకర్ జేమ్స్ మోగా గురించి మొన్న రాసినదాంట్లో రెండు తప్పులు దొర్లాయి. మొదటి నుంచీ దక్షిణ సూడాన్ జట్టుకే ఆడాడన్నాను. కాదు, ముందు సూడాన్‌కు ఆడాడు. అప్పటికి దక్షిణ సూడాన్ అనే దేశమే లేదు మరి! అది ఏర్పడింది 2011 జులై 9న. ప్రపంచ ఫుట్‌బాల్ సమాఖ్య ఫిఫాలో సభ్యత్వం వచ్చింది 2012 మేలో.

రెండోది, దక్షిణ సూడాన్ జట్టు తమ రాజధాని జూబాలో ఉగాండాతో ఆడిన తొలి అధికారిక మ్యాచ్‌లో గెలిచిందని రాశాను. నిజానికి 2-2తో డ్రా అయింది. తేదీ 2012 జులై 10, అంటే ఆ దేశానికి ఏడాది నిండిన మర్నాడే. అంత ముఖ్యమైన స్కోరు తప్పు రాసినందుకు మన్నించండి.