పెద్దాయన లోపల ఇరుక్కున్నారు

మొన్న ఆదివారం తిరుపతిలో మా మామగారి షష్టిపూర్తి జరిగింది. పెళ్లిళ్లకు తీసే వీడియోగ్రాఫరును వద్దన్నది నేనే. ఎలాగూ బయటపడేదే కాబట్టి ముందుగానే ఒప్పుకుంటున్నాను.

కారణం సోనీ హెచ్‌డీడబ్ల్యూ-ఎఫ్900. ఫిల్ము లేకుండా పెద్ద సినిమా తీయవచ్చని నమ్మించిన తొలి డిజిటల్ కెమెరాల్లో అదొకటి. 1920×1080 బొమ్మ, సెకనుకు 24 ఫ్రేములు, అంటే ఫిల్ము కెమెరా నడకే. జార్జ్ లూకాస్ 2000లో స్టార్ వార్స్ రెండో ఎపిసోడ్‌ను దీనితోనే తీశాడు, 2002లో విడుదల చేశాడు. అలాంటిది చెన్నైలో ఒకాయన దగ్గర మూలన పడి ఉందని తెలిసింది. రోజు అద్దె మా ఊరి వీడియో వాళ్లు అడిగేదాంట్లో సగం కూడా లేదు. అంత చవక ఎందుకయ్యా అని అడగాలి కదా? అడగలేదు. పంక్తిలో కూర్చున్న ప్రతి చుట్టానికీ, చివరికి సాంబారు వడ్డించే కుర్రవాడికి కూడా, లూకాస్ గురించి చెప్పడంలో మునిగిపోయాను.

రాత్రి బస్సుకు కెమెరా, దానితో వచ్చిన మనిషి చెన్నై వెళ్లిపోయారు. నా చేతిలో ఒక క్యాసెట్టు మిగిలింది. నలభై నిమిషాల క్యాసెట్టే అయినా 24 ఫ్రేముల లెక్కన టేపు నెమ్మదిగా నడుస్తుంది కాబట్టి యాభై నిమిషాలు పడతాయి. అందులో మామగారి కలశాభిషేకం, అత్తయ్యకు మళ్లీ తాళి కట్టడం, పీలేరు నుంచి వచ్చిన తొంభై ఏళ్ల అవ్వ ఆశీర్వచనం ఉన్నాయి. ఉన్నాయనే అనుకుంటున్నాను, ఇంతవరకూ ఎవరూ చూడలేదు.

ఇది ఎందులో వేసి చూడాలని చెన్నైకి ఫోను చేశాను.

"డెక్కులో సార్, ఈ టేపు ఆడించే మిషను. దానికి వేరే అద్దె. గంట లెక్క."

ఆ గంట అద్దె కెమెరా రోజు అద్దె కన్నా ఎక్కువ. ముందే చెప్పలేదేమని అడిగితే, "మీరు అడగలేదు కదా సార్" అన్నాడు. ఎంత మర్యాదగా అన్నాడంటే, తప్పు నాదేనని నేనే క్షమాపణ చెప్పి ఫోను పెట్టేశాను. పెట్టేశాక వచ్చిన కోపం ఇంకా తగ్గలేదు.

ఇక గాంధీ రోడ్డు పక్క సందులో ఒక పాత స్టూడియో. పాస్‌పోర్టు ఫొటోలు, లామినేషను, పాత పెళ్లి క్యాసెట్లను పెన్‌డ్రైవులోకి ఎక్కించడం దాని యజమాని వ్యాపారం. నేను నోరు తెరవక ముందే "తెలుసు సార్" అన్నాడు. ఇలా అనేవాళ్ల చేతికి ఏదీ ఇవ్వకూడదని నాకూ తెలుసు. ఇచ్చాను. ఆయన స్కేలు తీసి నా క్యాసెట్టును పాత పెళ్లిళ్ల వీహెచ్‌ఎస్ క్యాసెట్టు పక్కన పెట్టి కొలిచాడు. "టేపు వెడల్పు రెండింటికీ అర అంగుళమే. మందం కూడా ఒకటే. పొడవు మూడు సెంటీమీటర్లు తక్కువ, అంతే" అన్నాడు. నిజమే. నాకు మండేది అందుకే: ఆయన చెప్పిన ప్రతి మాటా నిజమే.

ఆ వీహెచ్‌ఎస్ క్యాసెట్లు ఆడించే ఆయన వీసీఆర్ గురించి కొంచెం చెప్పాలి. ఏటా ఆయుధపూజకు పెట్టిన కుంకుమ దాని నుదుట పొరలు పొరలుగా గట్టిపడి, బటన్ల మీది అక్షరాలను ఎప్పుడో మింగేసింది. ఏది ప్లే బటనో ఆయన వేలికే తెలియాలి. కళ్లకద్దుకుని, రెండు వేళ్లతో క్యాసెట్టును లోపలికి తోశాడు. తలుపు టప్పున మూసుకుంది. ఆ మూడు సెంటీమీటర్ల ఖాళీలో క్యాసెట్టు వాలుగా పడి, లోపల గుర్రుమని శబ్దం మొదలైంది. ఏ బటను నొక్కినా గుర్రే. తీగ పీకేశాడు. స్క్రూలు విప్పి మా చేతుల్లో పెడుతూ పైమూత తీశాడు. పాస్‌పోర్టు ఫొటో కోసం గడ్డం ఎత్తి కూర్చున్న ఒకావిడ కూడా, గడ్డం అలాగే ఎత్తి ఉంచి, తొంగి చూసింది. లోపల దువ్వెన ముక్క, రూపాయి బిళ్ల, రెండు బల్లి గుడ్లు, వాటి పక్కన మా మామగారి యాభై నిమిషాలు.

నేను ఫోను టార్చి వెలుగు లోపలికి పట్టుకున్నాను. సరిగ్గా అప్పుడే అత్తయ్య ఫోను. చెయ్యి తీయడానికి లేదు కనుక స్పీకరు నొక్కాను.

"బాబూ, మీ మామగారు కనిపించారా? తెల్లవారుజామున కపిలతీర్థానికని వెళ్లారు, ఇంకా రాలేదు."

నేను గొంతు సవరించుకునేలోగా "తెలుసు సార్" గారు అందుకున్నాడు. "కనిపిస్తున్నారమ్మా! లోపల అడ్డంగా ఇరుక్కున్నారు. పైమూత తీసేశాం. గట్టిగా లాగితే నలిగిపోతారని ఆగాం. మీరేం కంగారు పడకండి."

అవతల గిన్నె పడ్డ చప్పుడు. తర్వాత లైను తెగింది. తిరిగి చేస్తే అన్నీ బిజీ. పైమూత అన్న మాటను బట్టి అది డ్రైనేజీ గుంటే అయి ఉంటుందని చుట్టాలందరూ అప్పటికే తేల్చేశారట. గాంధీ రోడ్డు పేరు ఎవరు చెప్పారో గానీ పావుగంటలో మా బావమరిది స్కూటరు మీద దిగాడు. భుజాన మోకు. వెనుక సీట్లో, దారిలో ఎదురైతే ఎక్కించుకున్న మా మామగారు, చేతిలో ప్రసాదం దొన్నెతో.

"పాపం, ఇరుక్కుంది ఎవరు?" అన్నారాయన.

క్యాసెట్టు ఎలా బయటికొచ్చిందో, అందులో మోకు పాత్ర ఎంతో నేను రాయను. వచ్చింది. ఒక మూల చిన్న బీట. స్టూడియో ఆయన మాత్రం వీసీఆర్ సర్వీసు చార్జీ అని నాలుగు వందల యాభై తీసుకున్నాడు. ఎదురుచూసిన ఆవిడ ఫొటోలు పాడైతే ఆ డబ్బు కూడా నాదేనట.

ఇది రాస్తుండగానే ఆయన దగ్గర నుంచి ఫోను. మూత బిగిస్తే ఒక స్క్రూ తక్కువైందట, మీ జేబులో పడిందేమో చూడండి అంటున్నాడు. చూశాను. ఉంది.

లేదని చెప్పాను.